అత్త తినని బెల్లం

మొన్న అనకాపల్లి మార్కెట్ పక్కగా వెళ్తుంటే, కొత్త బెల్లం వాసనకి మా అత్త గొంతు గుర్తొచ్చింది.

నాన్నకి చెల్లెలైన ఆవిడ విశాఖ రేడియోలో వార్తలు చదివేది. మా ఇంట్లోనే ఉంటూ రైల్లో డ్యూటీకి వెళ్లొచ్చేది. నాన్న తుమ్మపాల దగ్గర చెరకు పండించి బెల్లం వండేవాడు. ఏటా మొదటి వంట బెల్లం అత్త చేతిలోనే పెట్టేవాడు. ఆవిడ కళ్లకద్దుకుని, "తరవాత తింటాన్లే అన్నియ్యా" అని గూట్లో పెట్టేసేది. తినగా నేనెప్పుడూ చూడలేదు.

నాకు అనుమానం పట్టుకుంది. ఏం జరిగినా అందరికంటే ముందు తెలిసేది అత్తకే. మా బెల్లంలో ఏదో ఉందని తెలిసే, అన్న మొహం చూసి దాస్తోందనుకున్నాను. ఒకరోజు తమ్ముడి చేతిలో ముక్క లాక్కుని ఇంటి ముందు కాలవలో పడేశాను.

నాన్న చూసేశాడు. "బెల్లం పారేత్తన్నావేటే?"

"దాన్లో ఏదో ఉంది. అందుకే అత్త తినదు."

నన్ను తిడతాడనుకున్నాను. ఆయన మెల్లిగా అత్త వైపు తిరిగాడు. "నిజంగా ఏటైనా ఉందా సెల్లీ?"

డ్యూటీకి బయల్దేరిన అత్త చెప్పులు విడిచి లోపలికొచ్చింది. గూట్లోంచి పెద్ద ముక్క తీసి, ఆయన చూస్తుండగా మొత్తం తినేసింది.

ఆ సాయంత్రం వార్తల మధ్యలో అత్త గొంతు మూడుసార్లు పట్టేసింది.

"తీపి తింటే గొంతు పట్టేత్తాదని ఓ మాట సెప్పొచ్చు కదా" అన్నాడు నాన్న, రేడియోతో.

చెబితే అన్న ఇక తెచ్చిపెట్టడని ఆవిడ భయం కాబోలు. నిజంగానే ఆ తరవాత నాన్న ఎప్పుడూ పెట్టలేదు.