సస్కాచెవాన్ ప్రీమియర్‌గా సుంగై సుమున్ పిల్ల

కరోనా ఆంక్షలు పూర్తిగా ఎత్తేసిన మరుసటి జనవరిలో, మలేసియాలో క్లాంగ్ దగ్గర ఒక ప్రైవేటు కాలేజీలో చరిత్ర అధ్యాపకుడిగా చేరాను. అప్పటికే ఒకసారి రిటైరైనవాణ్ణి. తెలుక్ ఇంటాన్ సర్కారు బడిలో ఫారం సిక్స్, అంటే ఇంటర్ స్థాయి పిల్లలకి ఏళ్ల తరబడి మలయా చరిత్ర చెప్పి, వయసు నిండాక దండ వేయించుకుని ఇంటికొచ్చేశాను. ఇంట్లో ఊరికే కూర్చుని మా ఆవిడకి వంటింట్లో సలహాలిస్తున్నానట. "మీకు పుణ్యముంటాది, ఏటైనా ఉజ్జోగం సూసుకోండి" అని ఆ కాలేజీ ప్రకటన పేపర్లోంచి కత్తిరించి నా చేతిలో పెట్టింది ఆవిడే.

ఆ కాలేజీలో కెనడా ప్రీ-యూనివర్సిటీ విభాగం ఉండేది. కెనడాలో చదువు కేంద్ర ప్రభుత్వం చేతిలో ఉండదు, ప్రావిన్సుల చేతిలో ఉంటుంది. అక్కడి ఒక ప్రావిన్సు పన్నెండో తరగతి పాఠాల్నే మేం ఇక్కడ చెబుతాం, డిప్లొమా ఆ ప్రావిన్సే ఇస్తుంది. మొత్తం ఆరు కోర్సులు, ఒక్కో కోర్సుకి ఒక క్రెడిట్. ఆరూ వస్తేనే డిప్లొమా. పిల్లల్లో చాలామంది కెనడా వెళ్లరు, ఆ డిప్లొమాతో ఇక్కడి యూనివర్సిటీల్లోనే చేరతారు. నాకు అప్పగించింది కెనడా చరిత్ర.

బటాంగ్ బెర్జుంటై రబ్బరు తోటలో పుట్టినవాడికి కెనడా గోధుమ పొలాల సంగతి ఏం తెలుసని మీరు అడగొచ్చు. మొదటి వారం నన్ను నేనూ అదే అడుక్కున్నాను. కానీ పందొమ్మిదివందల ముప్ఫైల పాఠానికి వచ్చేసరికి నాకు ఎవరూ ఏమీ చెప్పక్కర్లేకపోయింది. అక్కడ గోధుమ ధర కూలిన కాలంలోనే ఇక్కడ రబ్బరు ధర కూలింది. మా తాతల తరం కూలీల్ని వేలకి వేలు ఓడలెక్కించి వెనక్కి ఇండియాకి పంపేశారు. మా తాత ఎలాగో ఆగిపోయాడు కాబట్టి నేను ఇక్కడ పుట్టాను. ధర పడిపోతే మనిషికి ఏమవుతుందో మా ఇంట్లో కథలుగా విన్నవాణ్ణే.

ఆ పాఠంలో నాకు ఇష్టమైన మనిషి, గోధుమ పొలాల ప్రావిన్సు సస్కాచెవాన్‌కి ప్రీమియర్. ప్రీమియర్ అంటే ప్రావిన్సు ముఖ్యమంత్రి, మన మెంతెరి బెసార్ లాంటివాడు. ఆయన గద్దెనెక్కిన ఏడాదే ప్రపంచమంతా మార్కెట్లు కుప్పకూలాయి. దానికి తోడు వానల్లేవు. మట్టి గాలికి లేచిపోయి పగలే చీకటి పడేది. పెట్రోలు కొనలేక జనం కార్లకి గుర్రాలు కట్టి తోలుకున్నారు, ఆ బండికి ఆనాటి ప్రధాని పేరే పెట్టి వెక్కిరించారు. అలాంటి రోజుల్లో ఈయన సహాయం పంచే పనిని పార్టీవాళ్ల చేతిలో పెట్టకుండా విడిగా ఒక కమిషన్‌కి అప్పగించాడు. ఓట్ల కోసం పాకులాడేవాడు చేసే పని కాదది. ఎన్నికలొచ్చాయి, ఆయన పార్టీకి ఒక్క సీటు కూడా రాలేదు. ఆయన సీటు కూడా ఊడింది. బడుల్లో ఫ్రెంచి భాషకి ఆయన అడ్డుకట్ట వేయడం మాత్రం, తోటల్లో తెలుగు బడులు మూతపడడం చూసిన నాకు ఇప్పటికీ మింగుడుపడదు. అయినా ఆ కరువులో ఆయన నిలబడ్డ తీరుకి దండం పెట్టాల్సిందే.

ఆ టర్మ్‌లో నా క్లాసులో సుంగై సుమున్ నుంచి వచ్చిన యామిని అనే పిల్ల ఉండేది. వాళ్ల నాన్న పామాయిల్ మిల్లులో పని చేసేవాడు. రాసిందంటే ముత్యాల్లాంటి వాక్యాలు. నోరు మాత్రం తెరవదు. చదువయ్యాక బడి పంతులమ్మ కావాలని ఆ పిల్ల కోరిక, ఆ కోర్సులో షరతు మీద సీటు కూడా వచ్చింది. పాఠం చెప్పి బతకాలనుకునే పిల్ల క్లాసులో నోరు తెరవకపోవడమేంటి, విడ్డూరం కాకపోతే!

క్లాసయ్యాక నా దగ్గరికొచ్చి తెలుగులో మాత్రం మాట్లాడేది. కరువు ప్రాంతానికి తూర్పు ప్రావిన్సులవాళ్లు ఎండు కాడ్ చేపలు పంపితే, ఎలా వండాలో తెలియక జనం వాటిని ఇంటి కప్పుకి పలకల్లా కొట్టుకున్నారని అక్కడ ఒక కథ చెప్పుకుంటారు. ఆ కథ చెప్పిన రోజు యామిని ఆగలేకపోయింది. "సార్, ఆళ్లు ఆ సేపని రాత్రి నీళ్లలో నానెయ్యలేదేటి? ఉప్పు దిగిపోద్ది కదా లా!" అంది, మలేసియా అలవాటుగా మాట చివర "లా" తగిలించి. "ఆ మాట క్లాసులో అనొచ్చు కదమ్మా" అన్నాను. తల దించుకుని వెళ్లిపోయింది.

కెనడా పద్ధతిలో మార్కులు వేయాలంటే మూడు రకాల ఆధారాలు కావాలి. పిల్లలు చేస్తుండగా మనం చూసింది, వాళ్లతో మాట్లాడి తెలుసుకున్నది, వాళ్లు రాసిచ్చింది. నూటికి డెబ్భై టర్మ్ పనికి, ముప్ఫై చివరి పరీక్షకీ చివరి ప్రాజెక్టుకీ. యామిని రాసినవి దండిగా ఉన్నాయి, మొదటి రెండూ దాదాపు సున్నా. మా చివరి ప్రాజెక్టు ముప్ఫైల నాటి సస్కాచెవాన్ శాసనసభ. అందులో కూడా నోరు తెరవకపోతే నేను క్రెడిట్ ఇవ్వలేను. ఆ ఒక్క క్రెడిట్ పోతే డిప్లొమా లేదు, డిప్లొమా లేకపోతే పంతులమ్మ సీటూ లేదు. ఇది ఆ పిల్లకి తెలుసు, నాకూ తెలుసు.

ఎవరు ఏ పాత్ర వేయాలో చీటీలు తీయించాను. ప్రీమియర్ చీటీ యామినికే వచ్చింది. మొహం పాలిపోయింది పాపం. ప్రతిపక్ష నాయకురాలి చీటీ వెయ్ లిన్ అనే అమ్మాయికి. వెయ్ లిన్ ఇపో పిల్ల, డిబేట్లలో కప్పులు గెలుచుకున్నది, ప్రశ్న వేసిందంటే ఎదుటివాడు నీళ్లు నమలాల్సిందే.

సరిగ్గా ఆ సభ జరిపే రోజునే తనిఖీ అధికారిణి వస్తారని కబురొచ్చింది. మాలాంటి కాలేజీలకి క్రెడిట్ ఇచ్చే అధికారం ఉండాలంటే ఆ ప్రావిన్సు విద్యాశాఖ మనిషిని పంపి తనిఖీ చేయిస్తుంది. మా ప్రిన్సిపాల్ గాభరా మనిషి. నన్ను గదిలోకి పిలిచి, ఆ ఒక్కరోజుకి ప్రీమియర్‌గా వెయ్ లిన్‌ని మార్చమన్నారు. చీటీ తీశాక మార్చే ప్రసక్తే లేదన్నాను. అందరి ముందూ ఆ పిల్ల మూగబోతే ఎలాగని అడిగారు. మూగబోతే మూగబోయిందనే రాస్తాను, ముందే ఆ పిల్ల నోరు నేను మూయించనన్నాను. ఆ మాట కాస్త కటువుగానే అన్నట్టున్నాను. ప్రిన్సిపాల్ గారు రెండు రోజులు నాతో మాట్లాడలేదు.

ఆ రోజు బల్లలు రెండు వరసలుగా ఎదురెదురు వేశాం. నేను స్పీకర్‌ని. అధికారిణి వెనక కుర్చీలో కాగితాలు పట్టుకుని కూర్చున్నారు. ప్రశ్నోత్తరాల సమయం మొదలైంది. నియమం ఏమిటంటే, ప్రతిపక్షం ఒక ప్రశ్న వేసి, జవాబు విన్నాక దాని మీదే ఇంకో అనుబంధ ప్రశ్న వేయొచ్చు. అసలు మార్కులు ఆ అనుబంధ ప్రశ్నకే, ఎందుకంటే అది ఇంట్లో రాసుకొచ్చేది కాదు.

వెయ్ లిన్ లేచింది. ఆ రోజుల్లో చాలాచోట్ల సర్కారు సాయం తీసుకునే కుటుంబం కారు నంబరు పలక అప్పగించాలి, టెలిఫోన్ వదులుకోవాలి, తమకి ఏమీ లేదని అధికారి ముందు చెప్పుకోవాలి. వెయ్ లిన్ అక్కడే పట్టుకుంది. ఆకలేసినవాడికి తిండి పెడుతూ వాడి పరువు తీస్తారా, దానికి ప్రీమియర్ గారు ఏమంటారని నిలదీసింది.

యామిని లేచి నిలబడింది. మాట రాలేదు. స్పీకర్ మాట అందించకూడదు, నేను నోరు కట్టుకుని కూర్చున్నాను. ప్రిన్సిపాల్ గారు తలుపు అద్దం లోంచి చూస్తున్నారు.

చివరికి, చిన్న గొంతుతో, ఇంగ్లీషులోనే మొదలుపెట్టింది. నా నియోజకవర్గంలో ఒక ముసలావిడ ఉంది, అంది. ఆవిడ పస్తున్నా ఎవరికీ చెప్పదు. పొరుగింటావిడకి తెలిసిపోతుంది. వీధి గుమ్మం వైపు రాదు, పెరటి గుమ్మం నుంచి మూత పెట్టిన గిన్నె తెచ్చి పొయ్యి పక్కన పెట్టి, వేరే ఏదో మాట్లాడి వెళ్లిపోతుంది. సాయమంటే అలా చెయ్యాలని నాకూ తెలుసు. కానీ నేను పొరుగింటిదాన్ని కాను, ప్రభుత్వాన్ని. ప్రావిన్సులో ప్రతి పెరటి గుమ్మానికీ నేను వెళ్లలేను. అడిగినవాళ్లకి ఇవ్వాలంటే అడగమనాలి, అడగమంటే సిగ్గు తప్పదు. ఆ సిగ్గు నా వల్లే. దాన్ని కమిషన్ మీదకి నెట్టను. టెలిఫోన్ తీసుకునే నియమం ఈ సభలోనే ఎత్తేస్తాను, రోగం వస్తే డాక్టర్ని పిలవడానికి ఆ ఇంటికి అదే దిక్కు. మిగతావి ఈ రోజు ఎత్తేయలేను, మీరు తిట్టండి.

ఇదా మా నోరులేని పిల్ల!

అప్పుడు జరిగింది అసలు విషయం. వెయ్ లిన్ కళ్లు చెమర్చాయి. అనుబంధ ప్రశ్న వేయాల్సిన పిల్ల, చేతిలో ప్రశ్నలున్న పిల్ల, "థాంక్యూ" అని కూర్చుండిపోయింది. ప్రతిపక్షం బల్లలన్నీ చప్పట్లు కొట్టాయి. మా దేశం పిల్లల తీరే అంత. పెద్ద కుర్చీలోవాళ్లు తప్పు తమదని ఒప్పుకుంటే చాలు, ఇక అడగడం మర్యాద కాదనుకుంటారు. నేను తర్వాతి అంశానికి పిలవబోయాను.

యామిని మాత్రం కూర్చోలేదు.

"స్పీకర్ సార్, ప్రతిపక్ష నాయకురాలికి ఇంకో ప్రశ్న ఉంది. దయచేసి అడగనివ్వండి" అంది. తర్వాత వెయ్ లిన్ వైపు తిరిగి, మొహమాటపడొద్దు, నన్ను వదిలిపెట్టొద్దు అంది. తన నోటికి గండం గడిచిన క్షణాన, ఎదుటి పిల్ల మార్కు పోతుందని చూసింది ఆ అమ్మాయి. చెయ్యి చాచి దెబ్బ పిలుచుకుంది.

వెయ్ లిన్ లేచి, ఈసారి కాగితం చూడకుండా అడిగింది: ఇంతమందికి సిగ్గు కలిగించానని మీరే అంటున్నారు, ఎన్నికల్లో ఒక్కరు కూడా మీకు ఓటెయ్యకపోతే ఏం చేస్తారు?

యామిని జవాబు నాకు అక్షరం అక్షరం గుర్తు. "ఆ ముసలావిడ గిన్నెని ఎప్పుడూ ఖాళీగా తిరిగివ్వదు. పెరట్లో ఏముంటే అది వేసి ఇస్తుంది. మేం ఇచ్చాం, ఓటు వాళ్లు తిరిగిచ్చే గిన్నె. అందులో ఏం వేసి పంపాలో వాళ్ల ఇష్టం. ఏం వేసినా నేను రెండు చేతులా తీసుకుంటాను."

సభ ముగిశాక అధికారిణి నన్ను పక్కకి పిలిచి, ఆ గిన్నె ఆచారం ప్రెయిరీల్లో, అంటే ఆ గోధుమ మైదానాల్లో, ఎక్కడిది, ఏ పుస్తకంలో ఉందని అడిగారు. పిల్లనే అడగండన్నాను. పద్ధతి ప్రకారం అలా అడగడం కూడా ఒక ఆధారమే. యామిని ఇబ్బందిగా నా వైపు చూసి, "మా మామ్మ, మేడమ్" అంది. మామ్మ అంటే నాన్నకి అమ్మ అని నేను చెప్పాను. అధికారిణి నవ్వి, చరిత్ర పాఠంలో ఆధారం చూపనందుకు మార్కు తగ్గించాల్సిందేనన్నారు, సభలో ఆ పిల్ల నిలబడిన తీరుకి మాత్రం పై స్థాయి వేయడానికి ఆవిడకి అభ్యంతరం లేదన్నారు. నేను రెండూ చేశాను. క్రెడిట్ వచ్చింది. తనిఖీ కూడా గట్టెక్కింది, ప్రిన్సిపాల్ గారు నాతో మళ్లీ మాట్లాడారు.

ఆ సాయంత్రం బస్‌స్టాప్ దగ్గర యామినిని అడిగాను, లాక్‌డౌన్‌లో సాయం కావాల్సినవాళ్లు గుమ్మానికి తెల్లబట్ట కట్టమన్నారు కదా, మీ మామ్మ కట్టిందా అని.

"లేదు సార్. నాన్న కడతానన్నాడు. మామ్మ ఒప్పుకోలేదు. 'తెల్లబట్ట ఏటికిరా, వంటిల్లు తలుపు తీసే ఉన్నాది కదా' అన్నాది. పక్కింటి మలయ్ అత్త ఆ తలుపులోంచే వచ్చినాది. గిన్నెలో ములగాకు ఏసి తిరిగిచ్చినాం. అదొక్కటే ఉండేది లా."

తెల్లబట్ట కట్టినవాళ్లని తప్పుపట్టకూడదు, పట్టే అర్హత నాకు లేదు. ఆ తెల్లబట్టలు చూసి బియ్యం మోసుకెళ్లిన కుర్రాళ్లని నేను కళ్లారా చూశాను, వాళ్లూ గొప్పవాళ్లే.

తర్వాత ఇంకో రెండేళ్లు ఆ పాఠం చెప్పి రెండోసారి రిటైరయ్యాను. అంతకుముందు సస్కాచెవాన్ ప్రీమియర్‌ని అన్ని సీట్లూ పోగొట్టుకున్న మంచివాడిగా చెప్పేవాణ్ణి, జాలి పుట్టేలాగ. ఆ రోజు నుంచి జాలి మానేశాను. శాసనసభ ప్రాజెక్టు నియమాల్లో ఒకటి చేర్చాను: జవాబు చెప్పాక ప్రీమియర్ కూర్చోకూడదు, ఇంకో ప్రశ్న ఉందా అని ప్రతిపక్షాన్ని తానే అడగాలి. చెడ్డకాలంలో ఖజానాలో ఉన్నది పంచడం కష్టమే, అయినా చేసేవాళ్లు దొరుకుతారు. పంచాక, తీసుకున్నవాళ్లు ఏమంటారో వినడానికి నిలబడి ఉండడమే నాయకత్వమని నాకు తెలియజెప్పింది యామిని. ఇప్పుడు బాగాన్ దాతో వైపు ఒక బడిలో శిక్షణ పంతులమ్మగా పాఠాలు చెబుతోంది. గొంతు వరండా చివరిదాకా వినిపిస్తుందట.