యెహెజ్కేలు లాగిన వీధి

యెహెజ్కేలు పంతొమ్మిది వందల ఆరులో పుట్టాడు. కొవ్వూరుకు దిగువన, ఏటిగట్టును ఆనుకుని ఉన్న ఒక చిన్న పట్టణంలో మునిసిపాలిటీ చైన్‌మాన్‌గా పనిచేశాడు. చైన్‌మాన్ అంటే స్థలాలు కొలిచేటప్పుడు ఇనుప గొలుసు లాగే మనిషి. అరవై ఆరు అడుగుల గొలుసు. దాని కొస పట్టుకుని ముళ్ళకంపల్లోంచీ మురుక్కాలవల్లోంచీ తిన్నగా నడిచిపోవాలి. ముప్ఫై ఏళ్ళకు పైగా అదే పని. ఊళ్ళో ప్రతి ప్రహరీ పొడవూ ఆయన కాళ్ళకు తెలుసు. కానీ ఆ కొలతలన్నీ ఎక్కించిన పటాన్ని ఆయన ఒక్కసారి కూడా చూడలేదు. పటం ఆఫీసు లోపల బల్ల మీద ఉండేది. ఆయన గుమ్మం బయట ఉండేవాడు.

ఆయన, భార్య సంపూర్ణమ్మ, కూతురు రూతు గట్టుకింద పేటలో ఉండేవారు. గట్టుకూ ఏటికీ మధ్య ఒక లూథరన్ గుడి, దాని చుట్టూ నూట పాతిక తాటాకు పాకలు. వీధులూడ్చేవాళ్ళూ పడవల్లోకి బస్తాలు మోసేవాళ్ళూ అక్కడే బతికేవారు. యాభై మూడు ఆగస్టు వరదకు ఆ పాకల్లో ఒక్కటీ మిగల్లేదు. మనుషులు గట్టెక్కి ప్రాణాలు దక్కించుకున్నారు. తర్వాత మిషన్ బడి వసారాల్లో తలదాచుకున్నారు.

మరుసటి ఏడాది మునిసిపల్ ఎన్నికల్లో ఎర్రజెండా పార్టీ గెలిచింది. ఛైర్మన్ అయిన భద్రిరాజు గారు పొలాలున్న ఇంటి మనిషే. పార్టీ కోసం జైలుకు వెళ్ళి వచ్చినవాడు. కొత్త కౌన్సిల్ ముందుగా చేసిన తీర్మానాల్లో ఒకటి, పేటను ఊరికి తూర్పున మెరక మీదికి మార్చడం. పాకలు కావు, పెంకుటిళ్ళు. నలభై అడుగుల వీధులు. వీధి మలుపుకొక కుళాయి, నడుమ బడి, దాని పక్కన పేపర్లు చదువుకునే గది. పైగా ఇళ్ళన్నీ ఒకే కొలత. ఆఫీసు గుమాస్తాకూ అదే ఇల్లు, వీధి ఊడ్చే బుల్లెమ్మకూ అదే ఇల్లు. ఇది విని గుమాస్తాలు ముక్కు విరిచారు. బుల్లెమ్మ అయితే అసలు నమ్మలేదు.

ఓవర్సీరు శాంతికుమార్ నెల రోజులు కూర్చుని పటం గీశాడు. కౌన్సిల్ దాన్ని ఆమోదించాల్సిన రోజున భద్రిరాజు గారు ఉన్నట్టుండి గుమ్మం వైపు చూశారు.

"యెహెజ్కేలు గారూ, లోపలికి రండి."

యెహెజ్కేలు వెనక్కి తిరిగి చూశాడు, ఇంకెవరినో పిలిచారేమోనని. ముప్ఫై ఏళ్ళ ఉద్యోగంలో తన పేరు చివర 'గారు' అన్న మాట అదే మొదటిసారి వినడం.

"మిమ్మల్నేనండి. అందులో ఉండబోయేది మీరు కదా. చూసి చెప్పండి, ఏమైనా లోటుందేమో."

ఆయన వచ్చి బల్ల దగ్గర నిలబడ్డాడు. తెల్లటి కాగితం మీద సన్నటి గీతలు. అక్షరాలు ఆయనకు రావు. కాసేపు ఏమీ అర్థం కాలేదు. తర్వాత ఒక మూల చెరుకుతోట గట్టు ఆనవాలు దొరికింది. అక్కడి నుంచి వేలు జరుపుకుంటూ వెళ్ళాడు. రావిపాటి వారి దొడ్డి, పాత ఇటుకబట్టీ, బండ్ల దారి. తను ఎండలో, బురదలో నడిచిన నేలంతా ఆ కాగితంలో ముడుచుకుని ఉంది. పిట్టకు ఊరు ఇలా కనిపిస్తుందేమో అనుకున్నాడు.

మూడో వీధి దగ్గర వేలు ఆగింది.

"అయ్యా, ఇక్కడ ఇళ్ళు నిలవవండి."

"ఎందుకని?" అన్నాడు శాంతికుమార్. గొంతులో కొంచెం చిరాకు ఉంది. "అదంతా మెరకే కదా. నేను లెవెల్ పెట్టి చూశాను."

"మెరకేనండి. అయినా పై చేల నీళ్ళు ఇటే దిగుతాయండి. వానాకాలం చూడాలండి."

భద్రిరాజు గారు పటం చుట్టేశారు. "అయితే వాన పడ్డాక చూద్దాం. అప్పటిదాకా ఆమోదం లేదు."

పది రోజులకు పెద్ద వాన పట్టుకుంది. గొడుగులు వేసుకుని ముగ్గురూ మెరక మీదికి వెళ్ళారు. మూడో వీధికి మేకులు పాతిన చోట ఒక్క మేకూ కనబడలేదు. ఎర్రటి నీళ్ళు అడ్డంగా, బండి వెడల్పున పరుగెత్తుతున్నాయి. శాంతికుమార్ బూట్లు విప్పి చేత పట్టుకుని నీళ్ళలోకి దిగాడు. మోకాళ్ళు దాటాయి.

"మీకెలా తెలిసిందండీ?" అని అరిచాడు వానలోంచి.

"ఈ చేలు నేనే కొలిచానండి, పాతికేళ్ళ కిందట. ఎప్పుడు కొలిచినా గొలుసు ఇక్కడికొచ్చేసరికి తడిసిపోయేదండి."

శాంతికుమార్ పటం మళ్ళీ గీశాడు. మూడో వీధి పక్కకు జరిగింది. నీటిదారిని కాలవగా వదిలేశారు, దాని గట్టున ఆటస్థలం వచ్చింది. ఈసారి గీస్తున్నంతసేపూ యెహెజ్కేలును పక్కన కుర్చీలో కూర్చోబెట్టుకున్నాడు. ఆ కుర్చీలో ఆయన అంచుమీదే కూర్చున్నాడు.

పుష్యమాసంలో నేల ఆరాక ముగ్గు పోశారు. రెండు రోజులు యెహెజ్కేలు గొలుసు లాగాడు. ఆయన లాగిన చోటల్లా సున్నపు గీత పడింది. రెండో రోజు పొద్దు వాలే వేళకు పేట పేటంతా అక్కడికి వచ్చింది. ఎదురుగా ఖాళీ నేల మీద తెల్లగా ఒక ఊరు పడుకుని ఉంది. వీధులు, ఇళ్ళు, గదులు, గుమ్మాలకు వదిలిన సందులు.

ఎవరూ చెప్పలేదు గానీ ఒక్కరు కూడా గీతలు తొక్కలేదు. అందరూ వీధుల్లోంచే నడిచారు, సందుల్లోంచే లోపలికి వెళ్ళారు. బుల్లెమ్మ తన ఇంటి వసారా అన్న చోట చతికిలబడి, ఎదురింటి గీతల్లో నిలబడ్డ గుమాస్తా భార్యను పలకరించింది. ఆవిడ ఒక క్షణం తటపటాయించి, జవాబిచ్చింది.

చీటీల్లో యెహెజ్కేలుకు నాలుగో వీధిలో ఇల్లు వచ్చింది. సంపూర్ణమ్మ గీత బయట నిలబడిపోయింది.

"గుమ్మం ఏదయ్యా?"

ఆయన చూపించాడు. ఆవిడ అలవాటుగా నడుం వంచి, తల దించి లోపలికి అడుగుపెట్టింది. పాకలో చూరు తగలకుండా నలభై ఏళ్ళుగా అలాగే దూరింది మరి. లోపలికి వెళ్ళాక అలా వంగే ఉండి అడిగింది.

"ఇక్కడ తల వంచక్కర్లేదా?"

"అక్కర్లేదే. తొమ్మిదడుగుల గుమ్మం అంట."

ఆవిడ మెల్లగా నిటారుగా లేచి, పైన ఆకాశంకేసి చూసింది.

అన్నీ అనుకున్నట్టు జరగలేదు. మూడేళ్ళలో మూడు వీధుల ఇళ్ళు లేచాయి, కుళాయిలు వచ్చాయి. ఆ తర్వాతి ఎన్నికల్లో ఎర్రజెండా ఓడిపోయింది. కొత్తవాళ్ళు నాలుగో వీధిని కట్టలేదు. చీటీలు అందుకున్న కుటుంబాలు మాత్రం వెళ్ళిపోలేదు. ఎవరి గీతల్లో వాళ్ళు పాక వేసుకున్నారు. వానలకు సున్నం చెరిగిపోతే యెహెజ్కేలు ఆదివారం ప్రార్థన అయ్యాక వచ్చి మళ్ళీ కొలిచి పెట్టేవాడు. నలభై అడుగుల వీధిలోకి ఎవరూ ఒక్క పాక గుంజ కూడా జరపలేదు. తర్వాతి పదేళ్ళలో ఆ పాకలు ఒక్కొక్కటే ఇళ్ళయ్యాయి. సంపూర్ణమ్మ ఇంటి గుమ్మం ఏడడుగులే వచ్చింది. ఆవిడకు అదే ఎక్కువ అనిపించింది.

ఉద్యోగం నుంచి దిగిపోయాక ఆయన ఒకసారి కాకినాడ వెళ్ళాడు. రూతు అప్పటికి అక్కడ టీచరు. రిక్షాలో ఇంటికి తీసుకెళ్తుంటే, నాలుగు రోడ్లు కలిసిన చోట "ఆపవయ్యా" అని దిగిపోయాడు. కూడలి మధ్యలో నిలబడి ఒక రోడ్డు వెంట కళ్ళు చికిలించి చూశాడు. వంక లేకుండా, మలుపు లేకుండా, కంటికి ఆనినంత దూరం తిన్నగా పోతోంది. మిగతా మూడు రోడ్ల వైపూ తిరిగి తిరిగి చూశాడు. బస్సు హారన్ కొట్టింది. పోలీసు విజిలేశాడు. రూతు కంగారుగా వచ్చి చెయ్యి పట్టుకుంది.

"ఏంటి నాన్నా, నడిరోడ్డు మీద!"

"ఎంత తిన్నగా ఉందో చూడమ్మా," అన్నాడాయన, కదలకుండా. "దీనికి గొలుసు లాగినాయన ఎవరో!"