సైరన్ కూసిన మార్నింగ్ షో

మొన్న ఆదివారం సెంటినరీ కాలనీలో మా చెల్లెలి కూతురింటికి భోజనానికి వెళ్తే, టీవీలో ఏదో పాత నలుపు తెలుపు సినిమా నడుస్తోంది. రెండు ముద్దలు తినేలోగా అది నేను రాసిందేనని గుర్తుపట్టాను. చానెల్ వాళ్లు పేర్లన్నీ కత్తిరించి నేరుగా కథలోకి దిగారు కాబట్టి, ఇది రాసింది నేనేనమ్మా అంటే ఆ పిల్ల అత్తగారు నన్ను ఎగాదిగా చూసి ఇంకాస్త పప్పు వడ్డించింది. నా వయసువాళ్లయితే నమ్ముతారన్న ధైర్యంతో ఇది రాస్తున్నాను.

బాయిలో బొగ్గు తవ్వే ఇంట పుట్టి, మా వైపు గనిని బాయి అనే అంటాం లెండి, కాలనీ నాటకాలు రాసిన పిచ్చితో మద్రాసు రైలెక్కినవాణ్ణి నేను. అక్కడ ఒక పెద్ద రచయిత దగ్గర కుదిరాను. ఆయన పడక కుర్చీలో కళ్లు మూసుకుని చెబుతుంటే రాసుకోవడం, ఆయనకు కునుకు పట్టాక మిగతా సీను నేనే పూర్తి చేయడం నా ఉద్యోగం. పొరపాటున మా ఊరి మాట ఒకటి రాస్తే దాన్ని తీసుకెళ్లి నౌకరు వేషానికి అంటగట్టేవారు, నాకు ఒళ్లు మండేది. అలా కొన్నేళ్లు గడిచాక, ఏ దేవుడు బుద్ధి పుట్టించాడో, ఒక నిర్మాత నా పేరుతోనే బొగ్గుగని కథ తీస్తానన్నాడు.

అందులో ఒక ఘట్టం నేను కల్పించింది కాదు. నా చిన్నతనంలో బాయిలో పైకప్పు కూలి మా మేనమామ పోయాడు. షిఫ్టు మారేటప్పుడు సైరన్ కాస్త కూసి ఊరుకుంటుంది, ప్రమాదం జరిగినప్పుడు మాత్రం వేళ కాని వేళ మొదలై ఆగకుండా కూస్తుంది. ఆ కూత విని మా అవ్వ, మేము అమ్మను అలాగే పిలుస్తాం, పొయ్యి మీద అన్నం వదిలేసి పరుగెత్తడం నేను కళ్లారా చూశాను. అందుకే ఆ ఘట్టంలో ఒక్క మాటా రాయకుండా సైరన్ అని మాత్రం రాసి వదిలేశాను. డబ్బులిచ్చి మాటలు రాయమంటే సైరన్ రాశావేమిటయ్యా అని నిర్మాత నెత్తి కొట్టుకున్నాడు. శబ్దాలు పట్టే ఆయన ఎన్నెన్ని కూతలు వినిపించినా తల అడ్డంగానే ఊపి, చివరికి అచ్చం మా బాయి కూతలాంటిది ఒకటి దొరికాక, ఇదే అన్నాను.

సినిమా మా గోదావరిఖనికి వచ్చిన రోజు నేనూ మద్రాసు నుంచి దిగాను. మార్నింగ్ షోకి మా అవ్వ, వదిన, మా వీధి మొత్తం కదిలింది. మా అన్నది మొదటి షిఫ్టు. తెల్లారి బాయికి పోతూ, మీరు పోయి సూడుండ్రి, నేను డ్యూటీ దిగినంక సూస్త అని చెప్పి వెళ్లాడు. తెరమీద నా పేరు పడితే హాలంతా ఈలలు. చదువు రాని మా అవ్వ ఏది, ఏది అని అడిగితే, వదిన వేలు చూపించేలోగా అది కాస్తా వెళ్లిపోయింది.

విశ్రాంతి తర్వాత సైరన్ కూసింది. ఆడవాళ్ల బెంచీల్లోంచి బాయిల మనోళ్లున్నరే అని ఒక కేక వినబడింది, అంతే, హాలంతా లేచి తలుపుల మీద పడింది. ఆ కూత తెరలోంచి వస్తోందని ఈ ప్రపంచంలో అందరికంటే బాగా తెలిసినవాణ్ణి నేను, దాన్ని ఏరి కోరి పెట్టించింది కూడా నేనే. అయినా అవ్వ వెనకాల నేనూ పరుగెత్తాను. రోడ్డెక్కాక కూత వినబడటం లేదన్న సంగతి మాలో ఒక్కరికీ తట్టలేదు.

బాయి గేటు దగ్గర కాపలాదారు, ఏమైందే, ఏంది గిట్ల ఉరికొస్తున్నరు అని బిత్తరపోయాడు. రొప్పుతూనే నేను సంగతంతా విడమరిచి చెప్పాను. కొందరు నవ్వారు, కొందరు నన్ను తిట్టారు, కానీ ఒక్కరూ వెనక్కి మళ్లలేదు. మా అవ్వ చెప్పులు దారిలో ఎక్కడో పోయాయి. "సినిమాల కూసిందో, బాయిల కూసిందో నాకెర్క లేదు బిడ్డా, పెద్దోడు మీదికొచ్చినంకనే నేను కదుల్త" అని ఆ ఎండలో గేటు పట్టుకుని నిలబడింది. ఏమీ జరగలేదని తెలిసి కూడా నేనూ ఆమె పక్కనే గేటు పట్టుకున్నాను. ఆమె తమ్ముణ్ణి ఆ గేటులోంచే మోసుకొచ్చారు మరి.

షిఫ్టు దిగి మనుషులు ఒక్కొక్కరే బయటికి రాసాగారు. బొగ్గు మసిలో పళ్లు మాత్రమే తెల్లగా కనబడుతూ మా అన్న వచ్చాడు. అవ్వ రెండు చేతులతో ఆ మొహం తడిమి, ఆ మసి చేతులతోనే కళ్లు తుడుచుకుంది. నేను అక్కడే నేలమీద కూర్చుండిపోయాను. అమ్మయ్య అనడానికి అసలు అర్థం ఏమిటో ఆ రోజే తెలిసింది, తెరమీద పేరు చూసుకున్నప్పుడు కలిగిన సంతోషం దాని ముందు ఏ మూలకూ చాలదు. సంగతి విని అన్న పడి పడి నవ్వాడు. "ఏం రా తమ్మీ, ఊరు మొత్తాన్ని ఉరికిచ్చినవ్ గద" అన్నాడు.

ఖాళీ హాలు చూసి బొమ్మ ఆపేసిన మేనేజరు, పాపం మంచివాడు, మ్యాట్నీ వెనక్కి జరిపి మాకోసం మిగిలిన సినిమా వేశాడు. డ్యూటీ దిగినవాళ్లు స్నానం కూడా చేయకుండా వచ్చి కూర్చుంటే కుర్చీలన్నీ నల్లబడ్డాయి. మా అన్న కూర్చున్న మరుక్షణమే నిద్రపోయాడు. ఇంటికొచ్చాక సినిమా ఎట్లుంది అవ్వా అని అడిగితే, "ఏం సూసిన బిడ్డా, అన్న మొకం సూసుకుంట కూసున్న" అంది.

ఆ తర్వాత మద్రాసులో చాలా సినిమాలకు రాసి, రాయాలన్న ఆశ తీరాక ఇక్కడికే తిరిగొచ్చాను. అన్న కాలూచెయ్యీ నిలుపుకుని రిటైరై, పండు ముసలితనంలో తన మంచం మీదే కన్ను మూశాడు. భూమిలోకి దిగే బాయిలు తగ్గి, పైనుంచే తవ్వే ఓపెన్‌కాస్టులు పెరిగాయి, డ్యూటీ అయిపోగానే వస్తున్న అని ఇంటికి ఫోన్ చేసేస్తారు, మంచిదే, అలా పరుగెత్తే గతి ఏ తల్లికీ వద్దు. కానీ ఆ రోజు హాల్లో ఎవరి కొడుకు ఏ షిఫ్టులో ఉన్నాడో అందరికీ తెలుసు. ఇప్పుడు మా పక్క క్వార్టర్ అబ్బాయి ఏ డ్యూటీకి పోతాడో నాకు తెలియదు.