సాంచాల దగ్గర నేర్చిన మాట

మా చిన్నమ్మ సత్తెమ్మ టీవీకి బదులు చెప్పేది. "తిన్న బిడ్డా, నువ్వు తిన్నవా?" అని తెరను అడిగేది. భివండీలోని మా పద్మనగర్‌లో కొత్తగా అద్దెకు దిగినవాళ్లు ఆమెకు పిచ్చి అనుకునేవారు. అలా అనుకున్నవాళ్లతో నాకు చాలాసార్లు గొడవైంది. తెరమీద ఉన్నది ఆమె కూతురు నవీన అని, తల్లీబిడ్డలు నిజంగానే మాట్లాడుకుంటున్నారని ఎంత చెప్పినా ఒక్కరూ నమ్మేవారు కాదు.

కరీంనగర్ నుంచి నేతపనికి వలసొచ్చిన మావాళ్లు పనిచేసే భివండీ కార్ఖానాల్లో గొంతు దండగ. ఇరవై నాలుగు సాంచాలు, అంటే కరెంటు మగ్గాలు, ఒక్కసారిగా కొట్టుకుంటుంటే పక్కనున్న మనిషి అరిచినా వినబడదు. అందుకే మావాళ్లు అరవరు. పెదవులు నిదానంగా కదిలిస్తారు, ఎదుటివాళ్లు చూసి అర్థం చేసుకుంటారు. నూలు కండెలు చుట్టే తల్లి పక్కనే పెరిగిన నవీనకు అందరి పిల్లలకన్నా ముందు ఆ విద్య పట్టుబడింది.

1993లో ఎవరో సీరియల్‌వాళ్లు మా కార్ఖానాలో ఒక సీను తీయడానికి వచ్చారు. ఏడేళ్ల నవీనను నిలబెట్టి రెండు మాటలు అనమన్నారు. సాంచాలు నడుస్తున్నాయి కదా, పిల్ల అలవాటుకొద్దీ పెదవులే కదిపింది. మళ్లీ అనమంటే మళ్లీ అంతే. నవీన తండ్రి, మా బాబాయి సిద్ధిరాములు సిగ్గుతో తల దించుకున్నాడు. డైరెక్టరు మాత్రం ఆ మొహం వంకే చూస్తూ ఉండిపోయి, తన సీరియల్‌లో మూగపిల్ల వేషం ఇచ్చాడు. ఆ మూగపిల్ల కోసం దేశమంతా ఏడ్చిందంటే కోతలనుకుంటారు. మా గల్లీ మాత్రం ఏడ్చింది.

ఆ తర్వాత పద్నాలుగేళ్లు సీరియళ్లు, సినిమాలు. హీరో చెల్లెలు, హీరోయిన్ స్నేహితురాలు, నర్సు, పెళ్లిలో పూలు చల్లే పిల్ల. షూటింగ్‌కు పోతూ వస్తూ, ఊరి పొలిమేరలోని అంజూర్ ఫాటా దాటేసరికి బస్సులో నిద్రపోయేది. లేచాక ఏది సెట్టో, ఏది ఇల్లో కాసేపు తెలిసేది కాదట. గొంతు మాత్రం ఎప్పుడూ వేరేవాళ్లదే పెట్టేవారు. ఆమె హిందీలో భివండీ, భివండీలో కరీంనగర్ వినబడతాయట. విన్నప్పుడల్లా నాకు ఒళ్లు మండేది.

ఎలాగూ గొంతు తీసేస్తారు కదా అని, వెనక నిలబడే సీన్లలో ఆమె వాళ్లు రాసిచ్చిన మాటలు వదిలేసి తెలుగులో తల్లితో మాట్లాడేది. అప్పటికే చిన్నమ్మ చెవుల్ని సాంచాల మోత పూర్తిగా తినేసింది. ఈ ముచ్చట్లకు చెవులతో పనేముంది? నవీన కృత్రిమ వానలో తడుస్తూ, కాగితం పూలు చల్లుతూ మందులు వేసుకున్నావా అని అడుగుతుంటే, తెర నీలం వెలుగులో చిన్నమ్మ తలూపేది. ఒకసారి చచ్చిపోయిన జమీందారు చుట్టూ ఏడ్చే గుంపులో నిలబడి, ఇవాళ చేపల పులుసు పెట్టారని చెప్పింది. నేనూ సాంచాల దగ్గర పెరిగినవాణ్నే, నవ్వాపుకోలేకపోయాను.

కానీ నవీన మనసులో ఒకటే బాధ. "నేను మూగదాన్ని గాదన్నా. ఒక్కసారన్న నా గొంతు ఇనపడాలె," అనేది.

2007లో ఆ అవకాశం వచ్చింది. కొత్త సీరియల్, పెద్ద వేషం, గొంతు అక్కడికక్కడే రికార్డు చేస్తారు. ఆర్నెల్లు హిందీ సాధన చేసింది. మొదటిభాగం వచ్చే సాయంత్రం గల్లీ అంతా చిన్నమ్మ ఇంట్లోనే ఉంది, నవీన కూడా. తెరలోంచి ఆమె సొంత గొంతు వచ్చింది. కొంచెం బొంగురుగా, అచ్చం ఒకప్పటి చిన్నమ్మ గొంతులా ఉంది. అందరూ చప్పట్లు కొట్టారు.

చిన్నమ్మ నొసలు ముడిచి పది నిమిషాలు చూసింది. అంతా గబగబా హిందీ. ఆమెకోసం అందులో ఒక్క మాటా లేదు.

"నాతోని మాట్లాడుతలేవేంది బిడ్డా? కోపమొచ్చిందా?" అని తెరనే అడిగింది.

నవీన లేచి వచ్చి టీవీకి అడ్డంగా, తల్లి ముందు కూర్చుంది. పెదవులు మాత్రమే కదిలాయి. "అవ్వా, ఇయ్యాల ఆ గొంతు నాది. అందరు ఇంటున్నరు. నీకే ఇనపడ్తలేదు."

చిన్నమ్మ అరచేయి చాపి కూతురి గొంతు మీద ఆనించింది.

"అను. గొంతుతోని అను," అంది.

నవీన పైకే "అవ్వా" అంది. గొంతులోని అదురు తగిలి చిన్నమ్మ వేళ్లు ఉలిక్కిపడ్డాయి, కానీ చెయ్యి తీయలేదు.

"తెలుస్తున్నది బిడ్డా," అంది. "ఇంకోపారి అను."