చెప్పుకోలేని మనవి

ఈ ఉదయం ట్రాములో ఉండగా ఫోను కుయ్యిమంది. ఆరు నెలలకోసారి వచ్చే రిమైండరే, డాక్టరమ్మ దగ్గర టెర్మిన్, అదే అపాయింట్‌మెంట్, ఉందని. ఇన్నేళ్ళుగా వస్తూనే ఉంది. పక్క సీటావిడ ఎక్కడ చదివేస్తుందోనని ఫోను బోర్లించాను. ఆ వెంటనే అక్క గుర్తొచ్చింది.

అక్కంటే సొంత అక్క కాదు. ఒంగోలు నుంచి జర్మనీ వచ్చి, కార్ల్స్‌రూహెలో నర్సుగా స్థిరపడిన మనిషి. నేను బ్లూ కార్డు వీసా మీద ఉద్యోగానికి వచ్చిన కొత్తలో, శనివారం సాయంత్రాలు తెలుగువాళ్ళ ప్రార్థన కూటం వాళ్ళింట్లోనే జరిగేది. పాటలయ్యాక ఒక్కొక్కరూ మనవి చెప్పాలి. ఒకరికి ఇల్లు దొరకాలి, ఒకరికి థీసిస్ గట్టెక్కాలి. నా వంతు వస్తే తల దించుకుని "చెప్పుకోలేని మనవి" అనేదాన్ని. అలా అనే వీలు మా కూటాల్లో ఎప్పటినుంచో ఉంది, ఎవరూ వివరం అడగరు. ఊహించుకోవడానికి మాత్రం అడ్డేముంది? అప్పటికి మా పాపకు ఆరేళ్ళు. నా ప్రార్థన రెండో కాన్పు కోసమేనని అందరూ తీర్మానించేశారు. ఒకావిడ వారం వారం ఖర్జూరాల డబ్బా తెచ్చిచ్చేది. ఇంకొకావిడ, మా ఆయన్ని ల్యాప్‌టాప్ ఒళ్ళో పెట్టుకోవద్దని చెప్పమంది.

అసలు సంగతి దురద. యోని పెదవి మీద ఒకచోట, రెండేళ్ళుగా మానని దురద. తడిమితే గరుకుగా తగిలేది, మూత్రం తగిలితే మండేది. డాక్టరుకు చెబుదామంటే ఆ మాట జర్మన్‌లో ఏమంటారో తెలియదు. తెలుగులో మాత్రం ఎప్పుడు పైకి అన్నాను గనక? ఊరినుంచి ఎవరొస్తున్నా పచ్చళ్ళతో పాటు తామర ట్యూబులు తెప్పించుకుని రాసుకునేదాన్ని. నాలుగు రోజులు తగ్గి మళ్ళీ మొదలయ్యేది.

ఒక శనివారం వంటింట్లో కప్పులు కడుగుతుంటే అక్క పక్కకొచ్చి, "ఖర్జూరాలు నువ్వు తినట్లేదని నాకు తెలుసులే. ఏందమ్మా నీ మనవి?" అంది. చెప్పాను. ఆవిడ నవ్వలేదు. "మా అమ్మ కూడా ఇట్టానే దాచింది. పుండయ్యిందాకా ఎవురికీ చెప్పలా. చెప్పినాక ఎనిమిది నెలలే ఉంది," అంది. అక్కడే స్టూలు మీద కూలబడ్డాను.

తర్వాతి వారం అక్కే తీసుకెళ్ళింది. డాక్టరమ్మ చిన్న అద్దం పట్టి చూపించింది. ముప్పై తొమ్మిదేళ్ళ వయసులో నన్ను నేను అక్కడ చూసుకోవడం అదే మొదలు. తెల్లగా, కాస్త ఉబ్బెత్తుగా, గోరంత మచ్చ. మత్తు సూది వేసి చిన్న ముక్క తీసి పరీక్షకు పంపారు. ఫలితానికి పది రోజులు. ఆ పది రోజులూ చావు భయంతోనే బతికాను. ఇంట్లో ఎవరికీ చెప్పలేదు గానీ, మా ఆయనకు పాపకి జడ వేయడం నేర్పాను. ఎందుకని ఆయన అడగలేదు. పాప మాత్రం "నైన్, వద్దు డాడీ. అమ్మే వెయ్యాలి," అని మొరాయించేది. వంకర పాయల్ని సరిచెయ్యాలని చేతులు లాగుతున్నా, దూరంగా నిలబడి చూసేదాన్ని.

ఫలితం చెప్పిన రోజు డాక్టరమ్మ మాటలన్నీ బయటికొచ్చాక అక్క మళ్ళీ తెలుగులో చెప్పింది. "క్యాన్సర్ కాదమ్మా. దానికి ముందు చర్మంలో వచ్చే మార్పు. అందరికీ అటు తిరగదు, అట్టాగని వదిలెయ్యకూడదు. ఆ మచ్చ కోసి తీసేస్తారు. మళ్ళీ వస్తదేమోనని చూపించుకుంటానే ఉండాల. గోటితో పోయేదాన్ని గొడ్డలిదాకా తెచ్చుకోమాక." ఇంటికెళ్ళగానే మా ఆయనకు అంతా చెప్పాను. ఆయన చేతిలో దువ్వెన పక్కన పెట్టి, "జడ నేర్పింది ఇందుకా?" అన్నాడు.

మచ్చ తీయించుకుని కూటానికి వెళ్ళిన మొదటి శనివారం, నా వంతుకి ఉన్నదున్నట్టు చెప్పేశాను. మగవాళ్ళు బైబిళ్ళలో తలలు దూర్చారు. ఖర్జూరాలావిడ ఆ వారం డబ్బా మెల్లగా సంచిలోకి తోసేసింది. అందరూ వెళ్ళబోతుండగా, హైడెల్‌బర్గ్‌లో చదువుకుంటున్న వరంగల్ అమ్మాయి వంటింట్లోకి వచ్చి, నా మొహంలోకి చూడకుండా, "అక్కా, దురద ఎన్ని దినాలుంటే టెర్మిన్ తీసుకోవాలె?" అని అడిగింది.

"నీకెన్నాళ్ళుగా?" అన్నాను.

"ఏడాది."

తడి చేతులతోనే ఫోను తీసి డాక్టరమ్మ నంబరు ఆమెకు పంపాను. ఆ పది రోజుల భయం ఎలాగో గడిచిపోయింది. రేపు చూద్దాంలే అనుకుంటూ ట్యూబులు రాసుకున్న ఆ రెండేళ్ళు తలుచుకుంటే మాత్రం, ఇప్పటికీ భయమేస్తుంది.