పథరీ అంటే పత్రి కాదు

మా నాన్న నన్ను ఒక్కసారే కొట్టారు. అప్పటికి నాకు ముప్పై ఏళ్లు దాటాయి.

రాయపూర్‌లో రైల్వే వ్యాగన్ల వర్క్‌షాపులో ఫిట్టరుగా చేసి రిటైరైన మనిషి ఆయన. ఆ ఎండాకాలం ఒకరోజు పొద్దుటినుంచీ మూత్రం చుక్క రాలేదు. పొత్తికడుపు రాయిలా గట్టిపడింది. మందుల షాపాయన వచ్చి నొక్కి చూసి, "పథరీ హోగీ" అనేసి పోయాడు.

అమ్మ వెంటనే పెరట్లోని తులసి, మారేడు ఆకులు కోసి పొయ్యిమీద మరిగించింది.

"ఏటమ్మా ఇది?"

"పత్రి అన్నాడు కదరా. పూజకెట్టినదే కదా."

పగలబడి నవ్వాను. "హిందీలో పథరీ అంటే మూత్రంలో రాయే తల్లీ!" లైబ్రరీలో వైద్య పుస్తకం చదివినవాణ్ని. రాయి ఉంటే నీళ్లు బాగా తాగాలని నాకు తెలుసు. కషాయం పారబోసి, గ్లాసు తర్వాత గ్లాసు నీళ్లు పట్టించాను.

గంట గడవకుండానే ఆయన మంచాన్ని తన్నడం మొదలుపెట్టారు. గ్లాసు విసిరితే గోడ పెచ్చు రాలింది. మరో గ్లాసు నోటికి అందించాను. నా చెంప పేలిపోయింది. కాలరు పట్టుకుని గుంజుతూ, "సంపేత్తావేటిరా నన్ను?" అని అరిచారు.

ఆటోలో గతుకు పడినప్పుడల్లా తల కడ్డీకేసి బాదుకున్నారు. ఆసుపత్రిలో ఇద్దరు కలిసి అదిమిపట్టాల్సి వచ్చింది. కోస్తా నుంచి వచ్చి స్థిరపడిన తెలుగు నర్సు అడిగింది: "నీళ్లేమైనా పట్టారా?"

"రెండు లీటర్లు సిస్టర్. రాయి కదా అని."

"కుళాయి మూసేసి ట్యాంకు నింపావా బాబూ? చదువుకున్నోడిలానే ఉన్నావే!"

మొద్దుబార్చే జెల్లీ రాసి మూత్రం దారిలోంచి సన్నటి గొట్టం లోపలికి తోసింది. నాన్న తన ముంజేతిని తానే కొరుక్కుని రక్తం తెచ్చుకున్నారు. మరుక్షణం మూత్రం ధారగా వచ్చి సంచి నిండింది. కేక సగంలోనే ఆగి, ఏడుపైంది.

రాయి లేదన్నాడు డాక్టరు. వయసుతోపాటు ప్రోస్టేట్ గ్రంథి ఉబ్బి దారిని నొక్కేసిందట. ఇంకా ఆలస్యమైతే ఒత్తిడి వెనక్కి తన్ని కిడ్నీలు పాడయ్యేవట. కొన్నాళ్లు గొట్టం, మాత్రలు. తర్వాత పొట్ట కోయకుండా, మూత్రం వచ్చే దారిలోంచే పరికరం పంపి గ్రంథిని లోపలివైపు చెక్కేశారు.

నాన్న ఇంటికొచ్చాక మళ్లీ లైబ్రరీకి వెళ్లి ఆ పుస్తకం తీశాను. నీళ్లు తాగమన్న మాట పేజీ చివరి వరుసలో ఉంది. పేజీ తిప్పితే, మూత్రం పూర్తిగా ఆగిపోతే నీళ్లు పట్టకుండా ఆసుపత్రికి పరిగెత్తమని ఉంది. అప్పుడు నేను తిప్పని పేజీ.

వచ్చి నాన్నకు చెప్పాను.

"అయితే ఆ దెబ్బ ఎనకాల పేజీకిరా," అన్నారు. "ఉంచుకో."