క్రిమికి అన్ని మాటలు రాసి నేనేం బావుకున్నానంటే

నిన్న మోవా బళ్లో నా పరువు సబ్బునీళ్లలో కలిసింది, వినండి!

చేతులు కడుక్కోమని చిన్నపిల్లలకి చెప్పే బొమ్మల సినిమాకి మాటలు రాశాను కదా. ఇది పాసైతే ఇంకో నాలుగు మాకే ఇస్తానన్నారు దీన్ని తీయిస్తున్న ఆఫీసరుగారు. లేదంటే మా ఆర్టిస్టు బన్సీ భయ్యా మళ్లీ భన్‌పురిలో ట్రక్కులకి నెమళ్లు వేసుకోవాలి, నేను మళ్లీ అప్పడాలు వత్తుకోవాలి.

బన్సీ భయ్యాకి వేళ్లు గీయాలంటే ఏడుపు. "దీదీ, చెయ్యి కదిలిందంటే బొమ్మ మీద బొమ్మ గీస్తూ చావాలి! క్రిమి అయితే ఓ గుండ్రం, రెండు కళ్లు, ఓ నోరు. డైలాగులు దానికిచ్చెయ్యండి!"

ఇచ్చేశాను. మంచి బాలుడికి "సబ్బు మంచిది" అన్న ముక్క మిగిలింది. వెటకారం రాయమంటే నా కలం ఆగుతుందా? మనిషిని పెట్టే స్తోమత లేక క్రిమికి గొంతు కూడా నేనే ఇచ్చాను. ఆఫీసరుగారు ఎమ్మే. స్క్రిప్టులో నీతి ఉందా లేదా అని చూసి సంతకం పెట్టారు. పిల్లలు ఎవరి పక్షం చేరతారో ఆయన చూడలేదు. ఏడో క్లాసుతో ఆపేసినదాన్ని, నేనూ చూడలేదు!

బళ్లో సినిమా వేశాం. క్రిమి నోరు విప్పితే ఈలలు! చివర్లో అది నురగలో మునుగుతుంటే ఓ పిల్ల లేచి "ఝన్ మారౌ గా!" అని బావురుమంది. చంపొద్దట! క్లాసంతా శోకాలు.

అంతలో టిఫిను గంట. బయట బకెట్టూ సబ్బూ సిద్ధం. ఒక్కడు కదిలితే ఒట్టు! ఆ పిల్లయితే చేతులు వెనక్కి దాచేసుకుంది.

"క్యా మేడమ్, యహీ శిక్షా హై?" అన్నారు ఆఫీసరుగారు. ఇదేనా మీరు నేర్పే చదువు అని!

నాకు ఒళ్లు మండింది. "ఆ మురికి చేతుల్తో తిని పొట్టలు పట్టుకు ఏడవండి!" అని పిల్లల మీద హిందీలో అరిచాను.

అది వాళ్లు విన్న క్రిమి గొంతే! అంతే, "కీటాణు ఆగే! కీటాణు ఆగే!" అంటూ అందరూ నామీద పడ్డారు. క్రిమి వచ్చేసిందట! కుచ్చిళ్లు పట్టుకు లాగుతున్నారు.

"ముందు చేతులు కడుక్కోండి. లేకపోతే మాట్లాడను, పొండి!"

బకెట్టు దగ్గర తొక్కిసలాట!

ఆఫీసరుగారు తీరిగ్గా చాయ్ తాగి తీర్పిచ్చారు. "సినిమా వద్దు. మేడమ్ చాలు."

రచయిత్రినని పేరొస్తుందనుకున్నాను. సోమవారం నుంచి మందిర్ హసౌద్ బళ్లకి క్రిమిగా డ్యూటీ! ఈ మాట చెబితే మా ఆయన పేపరులోంచి తలెత్తకుండా అన్నారు:

"నీకు రిహార్సల్ అక్కర్లేదులే."